బస ఇచ్చినవాడి బాధ్యత

డబ్బు తీసుకుని బస ఇచ్చేవాడు తన కప్పు కింద జరిగే నేరానికి ఎంతవరకు జవాబు చెప్పాలన్న ప్రశ్న దాదాపు నాలుగు వేల ఏళ్ల నాటిది. క్రీ.పూ. 18వ శతాబ్దంలో బాబిలోన్‌ను ఏలిన హమ్మురాబి శాసనంలో 109వ నిబంధన మద్యశాల నడిపే స్త్రీ గురించి చెబుతుంది. ఆమె ఇంట్లో కుట్రదారులు పోగై మంతనాలు సాగిస్తుంటే, వాళ్లను పట్టి రాజభవనానికి అప్పగించకపోతే ఆమెకు మరణశిక్షే. అక్కడ కూర్చున్నవాళ్లు ఏం మాట్లాడుకుంటున్నారో నాకేం తెలుసని ఆమె తప్పించుకునే వీలు ఆ నిబంధనలో కనిపించదు.

మన దేశంలో కౌటిల్యుడు ఇదే సంగతిని ఇంకా వివరంగా రాశాడు. అర్థశాస్త్రం రెండో అధికరణంలో నగరాన్ని చూసుకునే నాగరికుడి విధుల మధ్య బస గురించిన నియమాలు వస్తాయి. ధర్మసత్రాల నిర్వాహకులు బాటసారులను చేర్చుకునే ముందు పేటను చూసే అధికారికి తెలపాలి. కల్లు అమ్మేవాళ్లు, వండిన అన్నం, మాంసం అమ్మేవాళ్లు, రూపాజీవులు తమకు బాగా తెలిసినవాళ్లకే చోటివ్వాలి; విచ్చలవిడిగా ఖర్చుపెట్టేవాడు, తెగించి ప్రవర్తించేవాడు కనబడితే కబురు చేయాలి. ఇంటికి ఎవరొచ్చారో, ఎవరు వెళ్లారో యజమాని చెప్పకపోతే ఆ రాత్రి జరిగిన నేరంలో అతనికీ పాలు ఉంటుంది. ఏ నేరమూ జరగని రాత్రయినా చెప్పనందుకు మూడు పణాల జరిమానా తప్పదు. నేటి లాడ్జి రిజిస్టరుకు, ఆధార్ కార్డు జిరాక్సుకు మూలం ఈ మూడు పణాల్లోనే ఉంది.

ఈ రెండు శాసనాల చూపూ రాజ్యం మీదే. దొంగ, గూఢచారి, కుట్రదారు వీధిలోకి రాకముందే దొరకాలి, అందుకు బస ఇచ్చేవాడు కళ్లు తెరిచి ఉండాలి. ఆ ఇంట్లో అన్నం వడ్డించే, మద్యం పోసే, గది ఊడ్చే మనిషి మీద రాత్రిపూట ఏం జరుగుతుందన్నది వాటికి పట్టలేదు. ఆ తర్వాత వచ్చిన చట్టాలూ ముందు బాటసారి మూటను, తర్వాత ఇరుగుపొరుగు పరువును, ఎంతో కాలానికి అతిథి ఒంటిని కాపాడాయి. గదిలోకి అమ్మకానికి తెచ్చిన మనిషీ, కౌంటరు వెనక నిలబడ్డ ఆడపిల్లా చిట్టచివరి వరుసలో మిగిలారు.

రోమన్ చట్టంలో ఈ వరుసక్రమం దాపరికం లేకుండా కనిపిస్తుంది. ఓడ నడిపేవాడు, సత్రం నడిపేవాడు, గుర్రపుశాల నడిపేవాడు తమకు అప్పగించిన సామానును తిరిగి క్షేమంగా ఇవ్వాలని రోమ్ న్యాయాధికారులు శాసించారు. పోతే నష్టపరిహారం కట్టాలి. సత్రాల్లో పనిచేసే స్త్రీలను మాత్రం న్యాయవేత్తలు వేశ్యలతో కలిపే లెక్కించారు. క్రీ.శ. 326లో కాన్‌స్టంటైన్ చక్రవర్తి ఇచ్చిన శాసనం ఆ భేదాన్ని గీత గీసినట్టు చెప్పింది. మద్యశాల యజమానురాలికి వ్యభిచార చట్టం వర్తిస్తుంది, అక్కడ మద్యం అందించే పనిమనిషికి వర్తించదు. ఆమెది చట్టం పట్టించుకోదగ్గ బతుకు కాదని దాని భావం. చూడటానికి అది శిక్ష నుంచి మినహాయింపు. నిజానికి అలాంటి స్త్రీకి చట్టం కాపాడవలసిన గౌరవమేదీ లేదని చేసిన ప్రకటన.

ఇంగ్లండులో 1584 నాటి కేలీ కేసు ఆధునిక హోటల్ చట్టాలకు పునాది. ఒక అతిథి గుర్రం పచ్చికలో మేస్తూ పోయింది. దానికి సత్రం యజమాని ఎంతవరకు బాధ్యుడన్న విచారణలో కోర్టు చెప్పిన సూత్రాలను ఎడ్వర్డ్ కోక్ తన నివేదికల్లో గ్రంథస్థం చేశాడు. సత్రం ప్రాంగణంలో ఉన్నంతవరకు అతిథి సొత్తుకు యజమానే పూచీ. అతిథి కోరిక మీద గుర్రాన్ని బయటి పచ్చికకు పంపితే ఆ పూచీ లేదు. అదే తీర్పులో ఇంకో మాట ఉంది. సత్రంలో అతిథిని ఎవరైనా కొడితే దానికి యజమాని జవాబుదారీ కాదు, ఎందుకంటే అలాంటి దావాలకు ఆధారమైన పాత ఆజ్ఞాపత్రం సొత్తు గురించే మాట్లాడుతుంది. మూట పోతే దావా వేయవచ్చు, పక్కటెముక విరిగితే వేయరాదు. ఈ విభజన ఇంగ్లిషు న్యాయం వెళ్లిన చోటికల్లా, అమెరికాకూ భారతదేశానికీ, వెంట వెళ్లింది.

1891 ఏప్రిల్‌లో న్యూయార్క్‌లో జరిగిన ఒక హత్య ఆ లోటును బయటపెట్టింది. మన్‌హాటన్ రేవు ఒడ్డున, వాటర్ స్ట్రీట్, కేథరిన్ స్లిప్ కలిసే మూలలో ఈస్ట్ రివర్ హోటల్ ఉండేది. పేరుకు హోటల్. వచ్చేవాళ్లు నావికులు, కూలీలు, వాళ్ల వెంట ఆ రాత్రి కూలికి వచ్చిన స్త్రీలు. ఏప్రిల్ 23 రాత్రి అరవై ఏళ్లకు దగ్గరపడిన ఒక స్త్రీ ఒక మగవాడితో అక్కడికి వచ్చింది. మద్యం మత్తులో నాటకాల్లోని పద్యాలు వల్లించేది కాబట్టి ఆ పేటలో ఆమెను ముసలి షేక్‌స్పియర్ అని పిలిచేవారు. రిజిస్టరులో ఆ మనిషి ఒక దొంగ పేరు చెప్పి, భార్యాభర్తలమని రాయించాడు. వాళ్లకు 31వ నంబరు గది ఇచ్చారు. మర్నాడు ఉదయం తలుపు తీస్తే ఆమె శవమై ఉంది, ఒంటి మీద కోతలున్నాయి. గది తాళంచెవి లేదు, వచ్చిన మనిషి లేడు.

లండన్‌లో జాక్ ది రిప్పర్ హత్యలు జరిగి మూడేళ్లు కాలేదు. తన నగరానికి వస్తే ఆ హంతకుణ్ణి గంటల్లో పట్టేస్తానని ప్రగల్భాలు పలికిన న్యూయార్క్ పోలీసు అధికారి థామస్ బర్న్స్ మీద పత్రికలు విరుచుకుపడ్డాయి. అదే అంతస్తులో ఎదుటి గదిలో, 33వ నంబరులో, ఇంగ్లిషు సరిగా రాని అల్జీరియా మనిషి అమీర్ బెన్ అలీ ఆ రాత్రి పడుకున్నాడు. 31 నుంచి 33 దాకా నేల మీద రక్తపు చుక్కలున్నాయని పోలీసులు చెప్పారు. జులైలో జ్యూరీ అతణ్ణి దోషిగా తేల్చింది, యావజ్జీవ శిక్ష పడింది. హత్య బయటపడ్డ ఉదయం పోలీసుల కంటే ముందో, వాళ్లతోపాటో హోటల్‌కు వెళ్లిన విలేఖరులు ఆ వసారాలో రక్తపు చుక్కలేవీ చూడలేదని తర్వాత వాంగ్మూలం ఇచ్చారు. వాళ్లలో పేదల బస్తీల ఫొటోలతో పేరుపొందిన జేకబ్ రీస్ ఒకడు. పదేళ్లు గడిచాక, న్యూజెర్సీలో పనిచేసి హత్య తర్వాత మాయమైన ఒక కూలీ గదిలో 31 అంకె ఉన్న తాళంచెవి, రక్తం అంటిన చొక్కా దొరికాయన్న సాక్ష్యం బయటికి వచ్చింది. 1902లో గవర్నర్ ఓడెల్ బెన్ అలీని విడుదల చేశాడు. అసలు హంతకుడు ఎన్నడూ దొరకలేదు.

ఈ కేసు చెప్పేవాళ్లంతా హంతకుడు ఎవరన్న దగ్గరే ఆగిపోతారు. అంతకంటే ముఖ్యమైనది అక్కడి రిజిస్టరు. ఏ పేరు చెబితే ఆ పేరే గుమాస్తా రాసుకున్నాడు, గది అద్దె పుచ్చుకున్నాడు. ఒక రాత్రిలో ఒకే గదిని ఎంతమందికి ఇస్తే అంత లాభం వచ్చే వ్యాపారమది. ఆ లాభానికి ఆధారమైన స్త్రీ ప్రాణం గురించి హోటల్ మీద ఏ విధీ లేదు. కోర్టులో నడిచిన విచారణ బెన్ అలీ మీదే గానీ, ఆ వ్యాపారం మీద కాదు.

అయిదేళ్ల తర్వాత న్యూయార్క్ రాష్ట్రం చేసిన ఒక చట్టం అలాంటి హోటళ్లను వందల సంఖ్యలో పుట్టించింది. 1896లో సెనేటర్ జాన్ రెయిన్స్ తెచ్చిన మద్యం పన్ను చట్టం ఆదివారం మద్యం అమ్మకాన్ని అరికట్టాలనుకుంది. హోటళ్లకు మాత్రం సడలింపు ఇచ్చింది: కనీసం 10 పడకగదులు ఉంటే, అతిథులకు భోజనంతో పాటు మద్యం ఇవ్వవచ్చు. సారా దుకాణాల వాళ్లకు ఆదివారమే అసలు గిరాకీ. కూలీలకు ఆ ఒక్కరోజే సెలవు. దాంతో దుకాణాల పైన, వెనక, నేలమాళిగల్లో పలుచని చెక్కలతో పది అరలు కట్టి బయట హోటల్ అని బోర్డు పెట్టారు. భోజనం పేరుతో బల్ల మీద ఒక శాండ్‌విచ్ పెట్టేవాళ్లు. దాన్ని ఎవరూ తినరు, అదే ఒక బల్ల నుంచి ఇంకో బల్లకు తిరిగేది. లైసెన్సు రుసుము ఏడాదికి 800 డాలర్లకు పెరిగింది కాబట్టి ఆ గదులు ఖాళీగా ఉంటే నష్టం. వాటిని నింపడానికి వ్యభిచారం తప్ప వేరే దారి యజమానులకు కనిపించలేదు. నీతిని కాపాడటానికి చేసిన చట్టమే గదుల్నీ, అందులోకి స్త్రీలను తెచ్చే దళారుల్నీ సిద్ధం చేసి పెట్టింది.

దీనికి మందు పోలీసుల దగ్గర దొరకలేదు, వాళ్లలో చాలామంది మామూళ్ల మీద బతికేవాళ్లే. 1900లో ఏర్పడిన పదిహేనుగురి కమిటీ పరిశీలన చేసి నివేదిక ఇచ్చింది. 1905లో వచ్చిన పద్నాలుగురి కమిటీ డబ్బు దారిని పట్టుకుంది. దుకాణాలకు అప్పులిచ్చి బీరు పోసేవి బ్రూవరీలు. లైసెన్సుకు పూచీపత్రం రాసేవి బీమా కంపెనీలు. ఈ రెండూ చేయి తీసేస్తే ఏ యజమానీ నిలబడలేడు. చెడ్డపేరున్న హోటళ్ల జాబితాలు తయారుచేసి, ఆ సంస్థలతో ఒప్పందం కుదుర్చుకుని, బాగుపడతామని రాసిస్తేనే బీరూ పూచీపత్రమూ అందేలా చేశారు. భవన నిబంధనల తనిఖీ కూడా తోడైంది. రెయిన్స్ హోటళ్లు వందల్లో మూతపడ్డాయి. గది యజమాని వెనక ఆ గది వల్ల బతికే పెద్ద వ్యాపారం ఉంటుందని, దాన్ని కదిలిస్తే గది మారుతుందని తేలడం ఆ కమిటీ చేసిన మేలు. చేసిన కీడూ ఉంది. నల్లవాళ్లూ తెల్లవాళ్లూ కలిసి కూర్చునే హోటళ్లన్నీ అనుమానించదగ్గవేనని భావించి, నల్లజాతివారిని రానివ్వొద్దని యజమానులపై ఒత్తిడి తెచ్చింది. నల్లజాతి కళాకారులకు నెలవైన మార్షల్ హోటల్ విషయంలో మేధావి డబ్ల్యూ.ఇ.బి. డుబోయిస్ ఆ కమిటీకి నిరసన తెలపవలసి వచ్చింది.

1909లో అయోవా రాష్ట్రం ఇంకో అడుగు వేసింది. వ్యభిచారం నడిచే కట్టడం మీద ఏ పౌరుడైనా కోర్టుకు వెళ్లి మూయించే హక్కు ఇచ్చింది. మిగతా రాష్ట్రాలు అనుసరించాయి, కాలిఫోర్నియా 1913లో. 1910 నాటి మాన్ చట్టం స్త్రీలను అనైతిక పనుల కోసం రాష్ట్రాల సరిహద్దు దాటించడాన్ని ఫెడరల్ నేరం చేసింది. దాన్ని నల్లజాతి బాక్సింగ్ విజేత జాక్ జాన్సన్ మీద ప్రయోగించిన తీరు చరిత్రలో మచ్చగా మిగిలింది. 2018లో గానీ అతనికి మరణానంతర క్షమాభిక్ష రాలేదు. మూసివేత చట్టాలు ఇంటికి తాళం వేశాయి. ఆ ఇంట్లోంచి వీధిన పడ్డ స్త్రీలు ఎక్కడికి వెళ్లాలో చెప్పలేదు.

భారతదేశంలో బ్రిటిష్ ప్రభుత్వం 1867లో సరాయిల చట్టం చేసింది. బాటసారులకు బస ఇచ్చే ప్రతి సరాయి రిజిస్టరు కావాలి. ఆ చట్టం యజమానికి పెట్టిన విధులు చదివితే దాని భయాలన్నీ తెలిసిపోతాయి. అంటురోగం వచ్చినా, దానితో ఎవరైనా చనిపోయినా పోలీసు స్టేషనుకు చెప్పాలి. గదులు, వసారాలు, బావులు, కాల్వలు శుభ్రంగా ఉంచాలి. దొంగలు ఎక్కి లోపలికి దిగడానికి వీలున్న చెట్ల కొమ్మలు నరికేయాలి. కాపలావాణ్ణి పెట్టాలి, ధరల పట్టీ కట్టాలి, మెజిస్ట్రేటు అడిగితే ఎవరెవరు దిగారో రాసివ్వాలి. తప్పితే 20 రూపాయల దాకా జరిమానా. మూడోసారి దోషి అయితే ఇక సరాయి నడపడానికి అనర్హుడు. కౌటిల్యుడి నాగరికుడు చదివితే అతనికి కొత్తగా ఏమీ కనిపించేది కాదు.

స్త్రీల అమ్మకం మీద నేరుగా చట్టాలు 20వ శతాబ్దంలో మొదలయ్యాయి. కలకత్తాకు, బొంబాయికి 1923లో వచ్చాయి. తెలుగు జిల్లాలు కలిసి ఉన్న మద్రాసు ప్రెసిడెన్సీకి 1930లో వచ్చింది. స్వతంత్ర భారతం 1950లో న్యూయార్క్‌లో సంతకం పెట్టిన అంతర్జాతీయ ఒడంబడికను అమలు చేయడానికి 1956లో దేశమంతటికీ ఒకే చట్టం చేసింది. 1986లో సవరించి పేరు మార్చాక తెలుగు పత్రికల్లో పీటా చట్టంగా స్థిరపడింది అదే.

హోటల్ గురించి ఆ చట్టం ఏం చెబుతుందో నిదానంగా చూడాలి. వ్యభిచార గృహమంటే ఇల్లే కానక్కర్లేదు. ఇతరుల లాభం కోసం లైంగిక దోపిడీ జరిగే గది గానీ, వాహనం గానీ, ఏ చోటైనా సరే. దాన్ని నడిపేవాడికి మొదటిసారి ఏడాది నుంచి మూడేళ్ల కఠిన కారాగారం. తెలిసీ అద్దెకిచ్చిన యజమానికి రెండేళ్ల దాకా. గుడి, బడి, ఆసుపత్రి వంటి చోట్లకు 200 మీటర్ల లోపు బహిరంగ స్థలంలో, తెలిసీ వ్యభిచారానికి వీలు కల్పించిన నిర్వాహకుడికి మొదటిసారి మూడు నెలల దాకా జైలు, లేదా 200 రూపాయల దాకా జరిమానా. ఆ స్థలం హోటల్ అయితే లైసెన్సును మూడు నెలలకు తగ్గకుండా, ఏడాదికి మించకుండా నిలిపేయాలి. బాధితులు పిల్లలైతే లైసెన్సు రద్దు కావచ్చు. మెజిస్ట్రేటు నోటీసు ఇచ్చి గదిని ఖాళీ చేయించి సీలు వేయించవచ్చు. పత్రికల్లో లాడ్జి సీజ్ అని వచ్చే వార్తల వెనక ఉన్నది ఈ అధికారమే.

ఇందులో కీలకమైన మాట ‘తెలిసీ’. మేనేజరుకు తెలుసు, యజమానికి తెలియదు. రాత్రి షిఫ్టు కుర్రాడికి తెలుసు, మేనేజరుకు తెలియదు. తెలియకపోవడం లాభసాటి అయినప్పుడు తెలుసుకోకుండా ఉండటానికి కావలసిన ఏర్పాట్లన్నీ జరుగుతాయి. శిక్ష ఎంతదన్న దానికంటే ఆ గోడను చట్టం దాటగలదా అన్నదే అసలు ప్రశ్న.

అతిథి ఒంటి మీద దెబ్బకు హోటల్ బాధ్యత ఈలోగా మారుతూ వచ్చింది. 1974లో గాయని కోనీ ఫ్రాన్సిస్ న్యూయార్క్ దగ్గర వెస్ట్‌బరీలోని ఒక మోటెల్ గదిలో నిద్రపోతుండగా ఆగంతకుడు చొరబడి అత్యాచారం చేశాడు. గాజు తలుపు గొళ్లెం పడినట్టు కనబడేది గానీ బయటి నుంచి కదిపితే తెరుచుకునేది. 1976లో జ్యూరీ ఆమెకు 25 లక్షల డాలర్లు ఇవ్వాలంది. అమెరికా హోటళ్లు తలుపుల తాళాలను, భద్రతను కొత్తగా చూసుకోవడం మొదలుపెట్టాయి. ఢిల్లీలో 1972లో ఒక అయిదు నక్షత్రాల హోటల్ ఈతకొలనులో దూకి తల దెబ్బతిని చచ్చుబడిన జర్మన్ విమాన సహ పైలట్ దావాలో, 1997లో ఢిల్లీ హైకోర్టు 50 లక్షల రూపాయల పరిహారం ప్రకటించింది. అంత డబ్బు తీసుకునే హోటల్ అంత జాగ్రత్తకూ కట్టుబడి ఉండాలన్నది ఆ తీర్పు తర్కం.

సొత్తు మీద పాత శ్రద్ధ మాత్రం చెక్కు చెదరలేదు. 1998 ఆగస్టు 1 రాత్రి ఢిల్లీలో ఒక పెద్ద హోటల్‌కు వచ్చిన అతిథి తన మారుతి జెన్ కారును పార్కింగ్ కుర్రాడికి అప్పగించాడు. తెల్లవారుజామున ఒంటిగంటకు వచ్చి చూస్తే కారు లేదు, వేరేవాళ్లు తీసుకుపోయారు. 2019 నవంబరులో సుప్రీంకోర్టు బాధ్యత హోటల్‌దేనని తేల్చింది. అతిథి తాళంచెవి ఇచ్చాక బాధ్యత లేదని టికెట్టు మీద అచ్చేసుకున్నంత మాత్రాన నిర్లక్ష్యం తుడిచిపెట్టుకుపోదని చెప్పింది. సత్రం ప్రాంగణంలో ఉన్న సొత్తుకు యజమాని పూచీ అన్న పాత ఇంగ్లిషు సూత్రాన్నీ ఆ తీర్పు చర్చించింది. కేలీ గుర్రం నుంచి ఈ జెన్ కారు దాకా 435 ఏళ్లు.

‘తెలిసీ’ అన్న గోడను ముందుగా తాకింది అమెరికా చట్టం. మనుషుల అక్రమ రవాణా బాధితుల రక్షణ చట్టం 2000లో వచ్చింది. 2003లో బాధితులకు సివిల్ దావా హక్కు కలిసింది. 2008 సవరణతో ఆ దావా దళారి మీదే కాక, అక్రమ రవాణా అని తెలిసినా, తెలుసుకుని ఉండవలసినా, దానివల్ల లాభపడిన ఎవరి మీదైనా వేయవచ్చు. ‘తెలుసుకుని ఉండవలసినా’ అన్న పదంతో హోటల్ చూసీ చూడనట్టు వదిలేసినవన్నీ సాక్ష్యాలయ్యాయి. గది అద్దె రోజూ నోట్ల కట్టగా కట్టడం, శుభ్రం చేసేవాళ్లను లోపలికి రానివ్వకపోవడం, పదే పదే తువ్వాళ్లు అడగడం, ఒకే గదికి రాత్రంతా మగవాళ్లు వచ్చిపోవడం, అమ్మాయి ముఖం మీద కమిలిన మచ్చలు: ఇవన్నీ దావా పత్రాల్లోకి ఎక్కాయి. 2019లో ఒహాయోలోని ఫెడరల్ కోర్టు వింధామ్ వంటి గొలుసు హోటళ్ల మీద ఒక బాధితురాలి దావా విచారణకు నిలుస్తుందని చెప్పింది. తర్వాత దేశమంతటా అలాంటి దావాలు పడ్డాయి.

గొలుసు హోటళ్ల వ్యాపారం నడిచే తీరు ఇక్కడ అడ్డొచ్చింది. బోర్డు మీద పేరు పెద్ద కంపెనీది, కట్టడం ఇంకొకరిది. పేరు వాడుకున్నందుకు యజమాని రాబడిలో వాటా చెల్లిస్తాడు. అమెరికాలో ఇలా హోటళ్లు నడిపేవాళ్లలో భారత సంతతివారి వాటా చాలా పెద్దది; ఎక్కువమంది గుజరాతీలు. వాళ్ల సంఘం 1989లో అట్లాంటాలో పుట్టింది. పేరిచ్చిన కంపెనీ రాబడిలో వాటా తీసుకోవడం, తనిఖీకి మనుషుల్ని పంపడం మాత్రమే చేస్తే, అది అక్రమ రవాణా వ్యాపారంలో పాలు పంచుకున్నట్టు కాదని 2021 డిసెంబరులో పదకొండో సర్క్యూట్ అప్పీలు కోర్టు తీర్పు చెప్పింది. బాధ్యత కౌంటరు దగ్గరే ఆగి, లాభం మాత్రం పైదాకా వెళ్లింది. న్యూయార్క్ పద్నాలుగురి కమిటీ బ్రూవరీల దాకా వెళ్లిన దారిలో ఈ కోర్టు నడవలేదు. అదే అట్లాంటా ప్రాంతంలో, 16 ఏళ్ల వయసులో అమ్మకానికి గురైన బాధితురాలి కేసులో 2025 జులైలో ఫెడరల్ జ్యూరీ ఒక స్థానిక హోటల్ యజమాని సంస్థ 4 కోట్ల డాలర్లు చెల్లించాలని తీర్పిచ్చింది. అందులో 3 కోట్లు శిక్షగా విధించినవే.

భారతదేశంలో ఈ ప్రశ్నలన్నీ ఒక్కచోట కలిసింది 2022 సెప్టెంబరులో, ఉత్తరాఖండ్‌లో. పౌడీ గఢ్వాల్ జిల్లా యమకేశ్వర్ ప్రాంతంలో, ఋషికేశ్‌కు దగ్గర్లో వనంత్రా అనే రిసార్టు ఉండేది. దాని యజమాని ఆ రాష్ట్రంలో ఒకప్పుడు మంత్రి హోదా పొందిన నాయకుడి కుమారుడు. అక్కడ రిసెప్షనిస్టుగా చేరిన 19 ఏళ్ల అమ్మాయి పేద కుటుంబం నుంచి వచ్చింది, చేరి నెల కూడా కాలేదు. వచ్చే పెద్ద అతిథులకు ‘స్పెషల్ సర్వీసు’ ఇవ్వాలని ఆమెను ఒత్తిడి చేశారు. తాను పేదదాన్నే గానీ అందుకు ఒప్పుకోనని, తనను వేశ్యగా మార్చాలని చూస్తున్నారని ఆమె ఒక స్నేహితుడికి వాట్సాప్‌లో రాసింది. ఆ సందేశాలే తర్వాత కేసుకు వెన్నెముక అయ్యాయి. సెప్టెంబరు 18 రాత్రి యజమాని, ఇద్దరు ఉద్యోగులు ఆమెను బండ్ల మీద బయటికి తీసుకెళ్లారు. చీలా కాలువ గట్టు దగ్గర గొడవ జరిగింది, ఆమెను కాలువలోకి తోసేశారు. ఆరు రోజుల తర్వాత, 24న, బ్యారేజీ దగ్గర శవం దొరికింది. నీట మునిగి చనిపోయిందని, చనిపోకముందే ఒంటి మీద దెబ్బలున్నాయని శవపరీక్ష తేల్చింది.

ఆ ఆరు రోజులకు వెనక ఒక చరిత్ర ఉంది. ఆ కొండ ప్రాంతాల్లో బ్రిటిష్ కాలం నుంచి మామూలు పోలీసు స్టేషన్లు లేవు. భూమి కొలిచి శిస్తు చూసే పట్వారీలకే నేర విచారణ అధికారాలు. రాష్ట్ర హైకోర్టు ఆ పద్ధతిని ఆరు నెలల్లో ఎత్తేయాలని 2018లోనే ఆదేశించింది, అమలు కాలేదు. అమ్మాయి కనబడటం లేదన్న ఫిర్యాదు రెవెన్యూ పోలీసు దగ్గర నానుతూ ఉండిపోయింది. సెప్టెంబరు 22న మామూలు పోలీసులకు అందాక గానీ అరెస్టులు జరగలేదు. 23 రాత్రి రిసార్టులో కొంత భాగాన్ని బుల్డోజరుతో కూల్చారు. సాక్ష్యాలు మట్టిలో కలిశాయని కుటుంబం ఆరోపించింది, అవసరమైనవి ముందే సేకరించామని దర్యాప్తు బృందం అంది. ఆగ్రహం పెల్లుబికి జనం గఢ్వాల్‌లోని శ్రీనగర్ దగ్గర బద్రీనాథ్ రహదారిని దిగ్బంధించారు. ఆ ప్రాంతాలను మామూలు పోలీసుల కిందికి తేవాలని ప్రభుత్వం చివరికి నిర్ణయించింది. ఒక ఆడపిల్ల ప్రాణం పోయాక జరిగిన పాలనా సంస్కరణ అది.

హత్య, సాక్ష్యాల ధ్వంసంతో పాటు యజమాని మీద లైంగిక వేధింపు నేరాన్నీ, ముగ్గురి మీదా పీటా చట్టాన్నీ మోపారు. 2025 మే 30న కోట్‌ద్వార్ అదనపు సెషన్స్ కోర్టు ముగ్గురికీ యావజ్జీవ శిక్ష విధించింది. కుటుంబానికి 4 లక్షల రూపాయలు ఇవ్వాలంది. ఆ ‘స్పెషల్ సర్వీసు’ ఏ పెద్దమనిషి కోసమన్న ప్రశ్న తీర్పుతో చల్లారలేదు. ఆ జిల్లాలో జనం దాన్ని అడుగుతూనే ఉన్నారు.

ఈ కేసు పాత కేసుల కంటే వేరైనది ఒక విషయంలో. ఇక్కడ తెలిసిందా తెలియదా అన్న వాదనకు తావే లేదు, అడిగింది యజమానే. పనిచోట లైంగిక వేధింపులపై 2013 నాటి చట్టం ప్రకారం ఫిర్యాదు యజమాని మీదే అయితే, లేదా పదిమంది లోపు ఉద్యోగులున్న చోటైతే, జిల్లాలోని స్థానిక కమిటీకి వెళ్లాలి. లైంగిక వేధింపులకు పడే శిక్షలను చెప్పే బోర్డు పనిచోట అందరికీ కనబడేలా ఉండాలని కూడా అదే చట్టం అంటుంది. 2013లోనే శిక్షాస్మృతిలో అక్రమ రవాణా నేరాన్ని విస్తరించి, బాధితురాలి అంగీకారం లెక్కలోకి రాదని చేర్చారు. 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ న్యాయ సంహితలో అది 143వ సెక్షను.

హోటల్ మీద బాధితులే దావా వేసే హక్కు, తెలుసుకుని ఉండవలసిందన్న కొలమానం మాత్రం పీటా చట్టంలో లేవు. అక్రమ రవాణాపై సమగ్రమైన బిల్లు 2018 జులైలో లోక్‌సభ దాటి, రాజ్యసభకు రాకుండానే 2019లో మురిగిపోయింది. లాడ్జి గది నుంచి బయటపడిన బాధితురాలికి డబ్బు రావలసిన ప్రధాన దారి రాష్ట్ర ప్రభుత్వ పరిహార పథకం. భారతీయ నాగరిక సురక్షా సంహిత 396వ సెక్షను కింద అది ప్రభుత్వ ఖజానా నుంచి వస్తుంది, గది అద్దె పుచ్చుకున్నవాడి గల్లాపెట్టె నుంచి కాదు.